రాలిన చింతకాయ ఎవరి నెత్తిన?

కథలు రాసేవాళ్ల ప్రశ్నలకు ఒక రిటైర్డ్ తెలుగు టీచర్ జవాబులు

పోయిన సంచికలో ఒక పాఠకుడు, "పలికితే చాలు రాయి నీరయ్యే, కాలం వెనక్కి తిరిగే భాష ఒకటి కల్పించి నవల రాయొచ్చా మేడం?" అని అడిగితే, "రాయండి, ముందు దాని వ్యాకరణం రాసి పంపండి" అని ఒక్క ముక్కలో తేల్చేశాను. ఆ ముక్క ఇంత పని పెడుతుందనుకోలేదు. దేవరకొండ నుంచి గద్వాల దాకా ఎంతమంది గుట్టుగా మంత్రభాషలు అల్లుకుంటున్నారో ఈ నెల ఉత్తరాలు చూస్తే తెలిసింది. అందుకే ఈసారి అన్నీ అవే. ఛందస్సు మీద అడిగినవాళ్లు వచ్చే సంచిక దాకా ఓపిక పట్టాలి.

ప్రశ్న: నేను డిగ్రీ రెండో సంవత్సరం చదువుతున్నాను మేడం. నా నవలలో మాంత్రికుల కోసం మూడు వందల మాటలు తయారు చేశాను. 'జ్రాఖ్' అంటే నిప్పు, 'వ్రోథ్' అంటే కాలం, 'నిఝ్‌గర్' అంటే రాయి. హాస్టల్లో చదివి వినిపిస్తే అందరూ పడీపడీ నవ్వారు. ఎక్కడ చెడింది?
– ఒక విద్యార్థి, దేవరకొండ

జవాబు: వాళ్ల తప్పేం లేదు నాన్నా. డబ్బింగ్ సీరియల్లో రాక్షసుడికి జలుబు చేసినట్టుంది ఆ భాష. మీ మాంత్రికులు దేవరకొండ ఖిల్లా చుట్టూ ఉన్న గుట్టల్లో పుట్టి పెరిగారని మీరే రాశారు. మరి వాళ్ల నాలుక అక్కడిదే కావాలి గదా. మన నోటికి మాట అచ్చుతో ముగిస్తే గానీ తృప్తి ఉండదు. బస్సు, కారు, రోడ్డు, బ్యాంకు... బయటి నుంచి వచ్చిన మాటకు కూడా చివర ఒక 'ఉ' తగిలించి గానీ ఇంట్లోకి రానివ్వం. హల్లుతో ఆగే మాటలు వాడొద్దని అనను. వాడితే కారణం ఉండాలి. అచ్చుతో ముగిసే మాట గాలిలో కలిసిపోతుంది, హల్లు దగ్గర ఆగే మాట వస్తువులో దిగబడుతుంది అని ఒక నియమం పెట్టుకోండి. అప్పుడు 'జ్రాఖ్' అనగానే నవ్వు రాదు, పక్కనున్నవాడు రెండడుగులు వెనక్కి వేస్తాడు.

కానీ అసలు లోపం ధ్వనిలో లేదు. మీరు పంపిన పట్టిక మొత్తం చదివాను. మూడు వందలూ పేర్లే. నిప్పు, రాయి, గద్ద, ఇనుము, వెన్నెల. ఒక్క క్రియ లేదు! 12వ శతాబ్దంలో జర్మనీలో హిల్డెగార్డ్ అనే క్రైస్తవ సన్యాసిని ఇట్లాంటి రహస్య భాషే ఒకటి కూర్చింది. వెయ్యికి పైగా మాటలు. దేవుడు, దేవదూతలతో మొదలుపెట్టి మనుషులు, రోగాలు, పనిముట్లు, చెట్లు, పిట్టలు, చివరికి పురుగుల దాకా వచ్చింది. దాదాపు అన్నీ నామవాచకాలే. మిగతా వాక్యాన్ని లాటిన్‌తోనే నడిపించుకుంది. ఆమెకు అది సరిపోయింది, రాళ్లు కరిగించే ఉద్దేశం ఆమెకు లేదు. మీకు ఉంది. పేరు పెట్టి పిలిస్తే వస్తువు తిరిగి చూస్తుంది, అంతకంటే ఏం చేయదు. దాన్ని కదిలించడానికి క్రియ కావాలి.

క్రియ అనగానే ఎస్పరాంతో గుర్తొస్తుంది. 1887లో జామెన్‌హాఫ్ అనే కంటి వైద్యుడు వార్సాలో ప్రకటించిన భాష. మొత్తం 16 నియమాలు. క్రియ చివర 'అస్' వస్తే ఇప్పుడు, 'ఇస్' వస్తే గడిచినది, 'ఓస్' వస్తే రాబోయేది. ఎవరు చేసినా అదే రూపం, ఎక్కడా మెలిక లేదు. లోకమంతా నేర్చుకోవడానికి అది గొప్ప సదుపాయం. మంత్రానికి మాత్రం పనికిరాదు. గురి తప్పే చోటు లేని భాషలో కథ ఎక్కడి నుంచి పుడుతుంది?

మన తెలుగు చూడండి, ఎన్ని గుంతలున్నాయో. 'వాన పడుతుంది.' రేపు పడుతుందా, ఏటా పడుతుందా? వ్యాకరణంలో భవిష్యత్తు, తద్ధర్మం అని రెండు పేర్లున్నాయి గానీ నోట్లో రూపం ఒక్కటే. 'మా బాపు రేపొస్తడు', 'మా బాపు రోజూ పొద్దుగూకినంక వస్తడు' – రెండింట్లోనూ అదే 'వస్తడు'. మీ మాంత్రికుడు కరువు ఏడాది డిండి వాగు ఒడ్డున నిలబడి, 'రేపు' అనే మాట చేర్చడం మరిచి, 'వాన పడుతుంది' అన్నాడనుకోండి. పడుతుంది. పడుతూనే ఉంటుంది. మీ మొదటి మూడు అధ్యాయాలు అక్కడే వచ్చేశాయి.

ఇంకొకటి. మన వాక్యంలో క్రియ చివర కూర్చుంటుంది, అవునో కాదో కూడా ఆ క్రియ చివరే తేలుతుంది. 'ఈ చెట్టు ఎండిపో...' దాకా వచ్చి దగ్గొచ్చిందనుకోండి. ఎండిపోవాలా, ఎండిపోవద్దా? చెట్టుకూ తెలియదు. శత్రువుకు కత్తి అక్కర్లేదు, ఆఖరి రెండక్షరాల ముందు నోట్లో ఇంత మన్ను కొడితే చాలు. అట్లాగే మనం, మేం. పొంగిన మూసీ ఒడ్డున మంత్రగత్తె 'మేం దాటుతాం' అంటే వింటున్నవాడు ఇవతలే మిగులుతాడు. 'మనం దాటుతాం' అంటే వాడూ గట్టెక్కుతాడు. అలిగిన అక్కాచెల్లెళ్లను అక్కడ నిలబెట్టి చూడండి.

మూడు వందల పేర్లను నలభైకి తగ్గించి, పది క్రియలు చేర్చి మళ్లీ పంపండి. ఈసారి హాస్టల్లో చదివేటప్పుడు చివరి అక్షరం దగ్గర ఆగి వాళ్ల ముఖాలు చూడండి.

ప్రశ్న: నా కథలో మాంత్రికుడు ఊరి జనాన్ని ఒక్కొక్కరినీ రాళ్లుగా మారుస్తుంటాడు. కథానాయిక తప్పించుకోవాలి. తాయత్తు మహిమ, దేవత ప్రత్యక్షం కావడం లాంటివి పెట్టడం నాకిష్టం లేదు. వేరే దారి ఉందా మేడం?
– ఒక పాఠకురాలు (రైస్ మిల్లులో లెక్కలు రాస్తాను), మిర్యాలగూడ

జవాబు: తాయత్తు పెట్టనన్నందుకే మీ ఉత్తరం ముందుకు తీశానమ్మా. దారి ఉంది, మీరు రోజూ మాట్లాడే మాటల్లోనే ఉంది.

'బండి వచ్చింది.' 'లక్ష్మి వచ్చింది.' 'రాజయ్య వచ్చిండు.' చూశారా? ఆడమనిషి ఒక్కతే ఉంటే మన క్రియకు ఆమెకూ బండికీ తేడా లేదు. ఇప్పుడు బహువచనం. 'బండ్లు వచ్చినయి.' 'ఆడోళ్లు వచ్చిన్రు.' 'మగోళ్లు వచ్చిన్రు.' పదిమంది కలిస్తే ఆమె బండ్ల వరుసలోంచి లేచి మనుషుల వరుసలో నిలబడుతుంది. స్త్రీవాచకాలు ఏకవచనంలో అమహత్తులతో, బహువచనంలో మహత్తులతో చేరతాయని వ్యాకరణంలో మర్యాదగా రాసి ఉంటుంది. ఈ పాఠం చెప్పిన ప్రతిసారీ వెనక బెంచీలోంచి ఎవరో ఒక పిల్ల లేచి, "అంటే ఒక్కదాన్నే ఉంటే నేను వస్తువునా మేడం?" అనేది. ఆ పిల్లకు నేను చెప్పిన జవాబు ఇప్పుడు అనవసరం. మీ మాంత్రికుడికి మాత్రం ఆ ప్రశ్నే బతుకుదెరువు.

ఎట్లాగంటే, మనిషి రాయి కావాలంటే మంత్రం ముందుగా ఆ మనిషి క్రియను పట్టుకోవాలి. మగవాడైతే 'డు' అనే గడియ అడ్డం ఉంటుంది, దాన్ని విరగ్గొట్టాలి. అందుకు వాడికి ఒక రాత్రి పడుతుంది. ఒంటరి ఆడమనిషికి ఆ గడియే లేదు, తలుపు తోసి ఉంటుంది. అందుకే వాడు ఎప్పుడూ ఒంటరిగా బావికి వచ్చినవాళ్లనే చూసుకుంటాడు. మీది సాగర్ ఎడమ కాల్వ కింది ఊరు గదా, నాట్ల కాలం పెట్టండి. మోకాలి లోతు బురదలో ఇరవై మంది వరుసగా వంగి నారు వేస్తుంటారు. మాంత్రికుడు గట్టు మీద నిలబడి పలుకుతాడు. ఏమీ కాదు. మళ్లీ పలుకుతాడు. ఒకామె నడుం పట్టుకుని లేచి, "ఎవడుర వాడు, పనికాడ గొణుగుడు?" అంటుంది. నాకైతే ఆ మనిషే కథానాయిక కంటే నచ్చుతుంది.

ఇంతటితో అయిపోలేదు. ఒక్క మనిషికి కూడా బహువచనం వచ్చే చోటు ఇంకొకటుంది. 'టీచరుగారు వచ్చారు', 'అమ్మా, మీరు కూచోండి.' అంటే గౌరవం ఇచ్చి పిలిస్తే ఒంటరిగా ఉన్నా ఆమెకు గడియ పడుతుంది. మీ కథానాయిక చివరికి ఒంటరిగానే దొరకాలి. పాదాలు, పిక్కలు, మోకాళ్లు బండ అవుతుండగా, అటుగా సైకిల్ మీద పాలు పోయడానికి పోతున్న పిల్లగాడు, ఏమీ తెలియక, "అక్కా, మీరింకా ఇక్కడే ఉన్నారా?" అంటాడు. రాయి అక్కడ ఆగిపోతుంది. వెనక్కి పోనవసరం లేదు, ఆగితే చాలు. ఆమె కుంటుతూ నడవడం మిగతా కథకు పనికొస్తుంది. ఒక్క జాగ్రత్త: ఈ వ్యాకరణమంతా కథలో ఎవరి చేతా చెప్పించొద్దు. ముఖ్యంగా నాలాంటి రిటైర్డ్ టీచర్ పాత్ర చేత అసలే వద్దు.

ప్రశ్న: మా తాతల ఊరు శ్రీశైలం ముంపులో పోయింది. నా కథలో మనవడు ఒక మాట పలికి ఆ ముంపు జరగకుండా చేస్తాడు. 'మరీ సులువుగా అయిపోయింది' అని కథ తిప్పి పంపారు. ఏం చేయాలి?
– ఒక పాఠకుడు, గద్వాల

జవాబు: తిప్పి పంపినవాళ్లు చెప్పింది నిజమే తమ్ముడూ. జరిగినదాన్ని జరగనిది చేయడమంటే భూతకాలాన్ని వ్యతిరేకార్థంలోకి తిప్పడం. మన భాషలో అది ఎంత ప్రమాదమో చూడండి. పోయిన, పోయినవ్, పోయిండు, పోయింది, పోయిన్రు – ఎవరు పోయారో క్రియే చెబుతుంది. ఇప్పుడు 'లే' పెట్టండి. నేను పోలే, నువ్వు పోలే, ఆమె పోలే, వాళ్లు పోలే. అందరికీ ఒకే 'పోలే'. మనిషి జాడ చెరిగిపోయింది. జరిగినదానికి చిరునామా ఉంటుంది, జరగనిదానికి ఉండదు. కాబట్టి ఆ మాటకు గురి పెట్టడం ఎవరి తరమూ కాదు.

మీ మనవడు 'మునగలే' అన్నాడు. ఊరు మునగలే. ఊరు మునగలేదు కాబట్టి తాతలు బండ్లు కట్టుకుని లేచి రాలే. కొత్త కాలనీలో బోరింగు కాడ వాళ్ల నాయన వాళ్లమ్మను చూడలే. మనవడు పుట్టలే. మరి ఆ మాట పలికిందెవరు? ఈ చిక్కుముడి మీరు విప్పకండి, అలాగే వదిలేయండి. దాన్ని ముందే పసిగట్టిన ముసలమ్మ ఒకామె మనవడి నోరు మూయాలి.

మూసి, వేరే దారి చూపించాలి. ఆ దారి మీ పక్కనే ఉంది. కృష్ణా తుంగభద్రలు కలిసేచోట కూడవెల్లి సంగమేశ్వరాలయం ఉండేది, చాళుక్యుల కాలపు గుడి. శ్రీశైలం జలాశయంలో మునగకుండా దాన్ని రాయికి రాయి విప్పి అలంపురం తెచ్చి మళ్లీ నిలబెట్టారు. పాపనాశి గుళ్లను కూడా అట్లాగే తరలించారు. మీరు చూసే ఉంటారు, చూడకపోతే ఈ ఆదివారమే పోయి రండి. ఏ రాయి ఎక్కడిదో గుర్తు పెట్టుకోకుండా గుడిని విప్పితే మిగిలేది కుప్ప. మీ మంత్రం కూడా ఆ పద్ధతిలో నడవాలి. మునిగిన ఊరిని కాలంలోంచి పైకి తీయాలంటే ఒక్కొక్క ఇంటినీ దాని పేరుతో, వరుస తప్పకుండా పిలవాలి. వడ్లోళ్ల ఇల్లు, దాని పక్కన కూలిన గోడ, గోడవతల చింతచెట్టు, చెట్టు కింద పటేలు అరుగు. మనవడికి ఆ వరుస తెలియదు. తెలిసిన ముసలివాళ్లు నాలుగు కాలనీల్లో చెదిరి ఉన్నారు, సగంమందికి చెవులు వినపడవు, మిగతా సగానికి ఒకరంటే ఒకరికి పడదు. ఎవరూ చెప్పని ఇల్లు నీళ్లలోనే ఉండిపోతుంది. అది ఎవరి ఇల్లో, ఎందుకు చెప్పలేదో, మీ కథ అక్కడుంది.

ప్రశ్న: పానగల్లు ఛాయా సోమేశ్వరాలయంలో నీడ కదలదు గదా. అక్కడ ఎవరో కాలాన్ని ఆపేశారని రాస్తే ఎట్లా ఉంటుంది?
– ఒక పాఠకుడు, నల్గొండ

జవాబు: అందరూ రాసేది అదే, అందుకని వద్దు. పైగా అక్కడ ఆగింది కాలం కాదు. కుందూరు చోడుల కాలంలో కట్టినవాళ్లకు వెలుగు సంగతి బాగా తెలుసు. గర్భగుడి గోడ మీద పొద్దంతా నిలిచే ఆ నీడ ఏదో ఒక్క స్తంభానిది కాదు. ముందున్న స్తంభాల మధ్య నుంచి చెదిరి లోపలికొచ్చే వెలుగు అట్లా పడేలా వాటిని అమర్చారు. తెలిశాక కూడా నాకు ఆ గోడ ముందు నిలబడాలనే ఉంటుంది.

తిరగేసి రాయండి. ఒక మాంత్రికుడు కాలాన్ని మాటిమాటికీ వెనక్కి తిప్పుతున్నాడు. తిప్పినప్పుడల్లా గడియారాలూ తిరుగుతాయి, పొద్దూ తిరుగుతుంది, మనుషుల జ్ఞాపకాలూ తిరుగుతాయి, కాబట్టి ఎవరికీ అనుమానం రాదు. పొద్దుతో పాటు నడవని నీడ ఒక్కటే వాడి మాట వినదు. ఒకరోజు గుడి ఊడ్చే మనిషి చూసేసరికి అది బెత్తెడు పక్కకు జరిగి ఉంది. నల్గొండ జిల్లా మొత్తంలో దొంగ దొరికేది ఆ గోడ మీదే.

ప్రశ్న: నా కథలో మా ఊరి అవ్వ ఒక మాట పలికి బావినీళ్లలోంచి ఫ్లోరైడ్‌ను మాయం చేస్తుంది. ఇది పిల్లల కథ. బాగుందా మేడం?
– ఒక టీచరు, మర్రిగూడ మండలం

జవాబు: కోరిక బాగుంది. మర్రిగూడలో ఉండి ఇంకేం కోరుకుంటారు! కానీ 'మాయం' అనే మాట దగ్గర ఆగాను. మీ పిల్లలకు ఈ సంగతి నాకంటే బాగా తెలుసు. కింద ఉన్న గ్రానైటు రాళ్లలోంచి ఫ్లోరైడ్ కరిగి నీళ్లలోకి వస్తుంది. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే కీడు మొదలు. ఏళ్ల తరబడి తాగితే ముందు పళ్లు గారపడతాయి, తర్వాత ఎముకలు బిగిసిపోతాయి, వంగిపోతాయి. రాయి నీళ్లలోకి, నీళ్లలోంచి ఎముకలోకి. ఇందులో ఏ మంత్రమూ లేదు, ఎవరూ ఏమీ పలకలేదు. మీ అవ్వ పలకబోయేది దానికి ఎదురు మంత్రం.

అట్లాంటిది ఒకటి మన జిల్లా పేరు మీదే ఉంది, నల్గొండ టెక్నిక్. నాగపూర్‌లోని నీరి అనే పర్యావరణ పరిశోధన సంస్థవాళ్లు రూపొందించారు. నీళ్లలో పటిక, సున్నం, బ్లీచింగ్ పౌడర్ కలిపి, ముందు వేగంగా, తర్వాత నెమ్మదిగా తిప్పుతారు. తెల్లటి తుంపులు కట్టి అవి ఫ్లోరైడ్‌ను పట్టుకుని అడుగుకు దిగుతాయి. పైన తేరిన నీళ్లను వడగట్టుకుంటారు. ఇందులో నాకు ముఖ్యమైన ముక్క ఏమిటంటే, అడుగున బురద మిగులుతుంది. ఫ్లోరైడ్ ఎక్కడికీ పోలేదు, ఆ బురదలో ఉంది. దాన్ని జాగ్రత్తగా పారేయకపోతే మళ్లీ నేలలోకే.

మంత్రాలకు చింతకాయలు రాలవంటారు. కథలో రాలనిద్దాం, అభ్యంతరం లేదు. రాలిన కాయ ఎవరి నెత్తిన పడ్డదో కూడా రాయాలి మరి. అవ్వ పలికిన మాటకు నీళ్లలోంచి పోయింది ఎక్కడ చేరింది? పక్క ఊరి బావిలోనా? అవ్వ మోకాళ్లలోనా? పిల్లలు ఈ ప్రశ్న తప్పకుండా అడుగుతారు. నేనైతే అవ్వను తెలివిగలదాన్ని చేస్తాను. మాట పలికే ముందే ఆమె ఊరి బయట గొయ్యి తవ్వించి, అడుగున పలకరాళ్లు పరిపిస్తుంది. ఊళ్లోవాళ్లు ముసలిదానికి పిచ్చి పట్టిందనుకుంటారు. మాట పలికాక ఆ గొయ్యిలో తెల్లటి ముద్ద ఒకటి చేరుతుంది. కథ అక్కడ ముగియదు, దాని మీద మూత పెట్టి కాపలా కాసే పని పిల్లలకు అప్పజెప్పాలి.

ప్రశ్న: ఆ భాషకు లిపి తప్పనిసరా?
– ఒక పాఠకురాలు, మక్తల్

జవాబు: మక్తల్ నుంచి ఈ ప్రశ్నా! మీకు దగ్గర్లోనే, కృష్ణ ఒడ్డున, ముడుమాల్ నిలువురాళ్లున్నాయి. మూడు వేల ఏళ్లకు పైబడినవి. వాటి వరుసలు సూర్యుడి ఉత్తరాయణ దక్షిణాయనాల మలుపులకు సరిపోతాయని పరిశోధకులు అంటున్నారు. ఒక రాతి మీద చిన్నచిన్న గుంటలతో సప్తర్షి మండలం దిద్ది ఉంది. 2025లో యునెస్కో ప్రపంచ వారసత్వ స్థలాల తాత్కాలిక జాబితాలోకి కూడా ఎక్కింది. ఆ రాళ్ల మీద ఒక్క అక్షరం లేదు. మీ భాషను రాళ్లతో, వాటి నీడలతో రాయించండి. ఏడాదికి ఒక్కరోజే, ఒక్క పొద్దు మాత్రమే చదవగలిగే వాక్యం. ఆరోజు మబ్బు పడితే మళ్లీ ఏడాది.

ప్రశ్న: బాణామతి మంత్రాలను ఈ భాషగా చూపించవచ్చా?
– పేరు వద్దన్న పాఠకుడు, నాగర్‌కర్నూల్

జవాబు: నేను చూపించను. మీరూ చూపించొద్దు. బాణామతి, చేతబడి అనుమానంతో మన జిల్లాల్లో మనుషుల్ని కొట్టారు, పళ్లు పీకారు, చంపారు. బలైంది ఎక్కువగా దిక్కులేని ముసలివాళ్లు, పేదవాళ్లు. కల్పించిన భాష కల్పించినట్టు కనబడాలి. ఏ వాడలోనో ఉన్న మనిషి వైపు వేలు చూపేలా ఒక్క వాక్యం ఉన్నా కొట్టేయండి.

ప్రశ్న: మంత్రం పాలమూరు యాసలో చదివితే గంభీరత పోదా?
– ఒక పాఠకుడు, జడ్చర్ల

జవాబు: మీ నాయనమ్మ కోపంలో తిట్టినప్పుడు గంభీరత తగ్గిందా?

ప్రశ్న: నవల చివర ఆ భాష మాటలకు అర్థాల పట్టిక ఇవ్వాలా?
– ఒక పాఠకురాలు, సూర్యాపేట

జవాబు: వద్దు. కథ మధ్యలో వేలు పెట్టుకుని చివరి పేజీకి పోయి రావడం ఎంత విసుగో నాకు తెలుసు. ప్రతి మాటా మొదటిసారి వచ్చినప్పుడు ఒక పని జరగాలి, పాఠకుడు దాన్ని కళ్లారా చూడాలి. రెండోసారి ఎవరో ఒక పిల్ల దాన్ని తప్పుగా పలికి, కుండెడు మజ్జిగను సున్నం చేయాలి, ఇంట్లో తిట్లు తినాలి. మూడోసారి ఆ మాట వచ్చేసరికి చదివేవాడే 'అట్ల కాదే, చివర దీర్ఘం తియ్యి' అని పిల్లకు అందిస్తాడు.